రేణుకా నామ వైభవం

(మహాకుంభాభిషేక సందర్భమున ఆలయ మహామండపంలో చేసిన ప్రసంగ పాఠం)



ఆలయ జీర్ణోద్ధరణ కార్యం సుసంపన్నమై, మహాకుంభాభిషేకం జరుపుకొంటున్న ఈ శుభవేళ యాగశాలలో ప్రతిదినమూ సంకల్పం చెప్పుతూ దాతల గోత్రనామాలు చదువుతున్నాము. గృహస్థుల పేర్లతో పాటు వారి ధర్మపత్నుల పేర్లు, కుమార్తెల పేర్లు అందులో ఉన్నవి. ఆ పట్టికలో పలుమార్లు వినిపించిన పేరు ‘రేణుక’. నాయనమ్మల తరంలో ‘ఎల్లమ్మ’గాను, తల్లుల తరంలో ‘రేణుక’గాను వినిపించిన ఈ పేరు పసిపిల్లల తరానికి వచ్చేసరికి అరుదవుతున్నది.

నామకరణ ముహూర్తం అడగడానికి వచ్చే యువ దంపతులలో కొందరు సంకోచంతో ఒక మాట అడుగుతారు. “ఇంట్లో పెద్దవారు అమ్మవారి మొక్కు కనుక రేణుక అని పెట్టమంటున్నారు. ఆ మాటకు దుమ్ము అని అర్థమట కదా! ఆ తల్లి కథ కూడా దుఃఖభరితమే కదా! ఆడపిల్లకు ఆ పేరు పెట్టవచ్చునా?” అని. ఇది అడగదగిన ప్రశ్నయే. అర్థం తెలియకుండా పేరు పెట్టడం కన్నా అర్థం అడిగి తెలుసుకొని పెట్టడం శ్రేష్ఠం. అందువలన నేటి ప్రసంగానికి ఈ ఒక్క పేరునే విషయంగా స్వీకరించినాను.

నామకరణ విధి

మన గృహ్యసూత్రకారులు ఆడపిల్ల పేరును గూర్చి ప్రత్యేకంగా ఆలోచించినారు. తెలుగుదేశంలో కృష్ణయజుర్వేదీయులలో అధికులు అనుసరించే ఆపస్తంబ గృహ్యసూత్రం కుమార్తె పేరులో అక్షరాల సంఖ్య బేసిగా ఉండవలెనని విధించినది. పారస్కర గృహ్యసూత్రం మరి రెండు నియమాలు చేర్చినది. పేరు ఆకారాంతం కావలెను, తద్ధిత ప్రత్యయంతో ఏర్పడినది కావలెను. మనువు చెప్పిన లక్షణాలు ఇంకను మృదువైనవి. స్త్రీ నామం సుఖంగా పలుకదగినదై, కఠినం కానిదై, అర్థం స్పష్టమైనదై, మనోహరమై, మంగళకరమై, దీర్ఘస్వరంతో ముగిసి, ఆశీర్వచనం వలె వినిపించవలెనన్నాడు.

ఇప్పుడు మన పేరును ఈ కొలతలకు పట్టి చూడండి. సంస్కృతంలో దాని రూపం ‘రేణుకా’. రే, ణు, కా అని మూడక్షరాలు, అనగా బేసి సంఖ్య. చివర దీర్ఘమైన ఆకారం ఉన్నది. ‘రేణు’ శబ్దం మీద ‘క’ అనే తద్ధిత ప్రత్యయం చేరినది. సూత్రకారులు అడిగిన మూడు లక్షణాలూ కుదిరినవి. జన్మనక్షత్రాన్ని అనుసరించి పేరు పెట్టేవారికి మరొక మాట. ‘రే’ అనే అక్షరం స్వాతీ నక్షత్రం రెండవ పాదానికి చెందినది. తులారాశిలో ఆ పాదమున జన్మించిన శిశువుకు ఈ పేరు నిరభ్యంతరంగా పెట్టవచ్చును.

విధి నిషేధాలను మన పూర్వులు ఎంతవరకు పాటించినారో కూడా చెప్పవలెను. నక్షత్రాల పేర్లు, నదుల పేర్లు, వృక్షాల పేర్లు గల కన్యను వరించవద్దని ఆపస్తంబుడు వివాహ ప్రకరణంలో అన్నాడు. ఆ సూత్రాన్ని కంఠస్థం చేసిన కుటుంబాలలోనే రోహిణి, గంగ, గోదావరి, తులసి అనే పేర్లు తరతరాలుగా నిలిచి ఉన్నవి. బిడ్డ మీది ప్రేమకు, ఇలవేల్పు మీది భక్తికి లోకం పెద్దపీట వేసినది. ‘రేణుక’ విషయంలో అటువంటి సడలింపుతో కూడా పని లేదు. శాస్త్రమూ, ప్రేమా రెండూ ఈ పేరుకు అనుకూలమే.

పదార్థ విచారం

‘రేణువు’ తెలుగువారికి పరాయి మాట కాదు. ఇసుక రేణువు అంటాము. వైయాకరణులు ఈ పదాన్ని కదలిక అనే అర్థం గల ‘రీ’ ధాతువు నుండి సాధిస్తారు. గాలికి కదిలిపోయే సూక్ష్మ కణం రేణువు. ధూళి అనే అర్థం ఉన్నమాట నిజమే. అయితే పూవులోని పుప్పొడి కూడా రేణువే. ఆ పుప్పొడి ఒక పూవు నుండి మరొక పూవుకు చేరకపోతే కాయ లేదు, పండు లేదు, విత్తనం లేదు. అమరకోశం ‘రేణుక’ అనే పేరును ఒక సుగంధ ఓషధికి కూడా చెప్పినది. హరేణువు, కౌంతి అనేవి దాని పర్యాయపదాలు. కనుక ఈ పేరులో ధూళి, పరాగం, పరిమళం మూడూ ఉన్నవి.

‘క’ ప్రత్యయం సంగతి చూడండి. పాణిని ఈ ప్రత్యయానికి చెప్పిన అర్థాలలో రెండు ఇక్కడ గమనింపదగినవి. ఒకటి అల్పత్వం, రెండవది అనుకంప. చిన్నదానిని చెప్పేటప్పుడు, దయతో, గారాబంతో పిలిచేటప్పుడు ఈ ప్రత్యయం వస్తుంది. ‘బాల’ అన్న మాట ‘బాలిక’ అయినప్పుడు చెవికి తగిలే ముద్దు ఈ ప్రత్యయానిదే. ఆ విధంగా రేణుక అంటే చిన్ని రేణువు, దయతో చూడదగిన రేణువు. శ్రీమద్భాగవతం నవమస్కంధం ఆమెను రేణువు అనే రాజు కుమార్తెగా చెప్పినది. ఆ లెక్కన తండ్రి పేరే కూతురి పేరులో నిలిచినది. మహాభారతం మాత్రం ఆమె తండ్రి ప్రసేనజిత్తు అన్నది.

ధూళి అనగానే చిన్నచూపు చూడటం మన సంప్రదాయం కాదు. శ్రీరుద్రనమకం తొమ్మిదవ అనువాకంలో పరమేశ్వరునికి ధూళిలో ఉండేవాడని నమస్కారం ఉన్నది. లలితా సహస్రనామాలలో ఒక నామం ప్రకారం వేదమాతల పాపిటలో సింధూరమై నిలిచేది అమ్మవారి పాదధూళి. సౌందర్యలహరిలో రెండవ శ్లోకం చెప్పేదేమిటి? అమ్మ పాదాన అంటిన సూక్ష్మమైన పరాగాన్ని బ్రహ్మ సేకరించి లోకాలు నిర్మిస్తాడు, ఆ లోకాలను విష్ణువు వేయి తలల మీద మోస్తాడు, హరుడు దానినే మెదిపి విభూతిగా పూసుకొంటాడు. గురువుగారి పాదరేణువు కోసం శిరస్సు వంచే జాతి మనది. ఆ రేణువును బిడ్డకు పేరుగా పెట్టుకోవడంలో తక్కువతనం ఏమున్నది?

ఇప్పుడు మీరు నిలిచి ఉన్న ఈ ఆలయాన్నే చూడండి. ప్రతిష్ఠాదులలో అంకురార్పణకు ముందు మృత్సంగ్రహణం చేస్తాము. శుచియైన చోటి నుండి మన్ను తెచ్చి, పూజించి, పాలికలలో నింపి, నవధాన్యాలు చల్లుతాము. వాస్తుశాంతికీ, యాగశాలకూ, శిఖరానికీ ముందు మన చేతికి వచ్చేది పిడికెడు మన్ను.

పురాణం చెప్పిన రెండు కథలు

దంపతుల రెండవ సందేహం కథను గూర్చినది. రేణుకాదేవి కథ మహాభారతంలో ముఖ్యంగా రెండుచోట్ల ఉన్నది. మనలో అధికులు ఒకటే విన్నారు.

మొదటిది వనపర్వంలోనిది. రేణుక జమదగ్ని మహర్షి భార్య. రుమణ్వంతుడు, సుషేణుడు, వసువు, విశ్వావసువు, రాముడు అని ఐదుగురు కుమారులు. ఒకనాడు స్నానానికి వెళ్ళిన ఆమె చిత్రరథుడనే రాజు భార్యలతో కూడి జలక్రీడలాడటం చూచి క్షణకాలం చలించినది. ఆశ్రమానికి తిరిగివచ్చిన భార్యను చూచి మహర్షి కోపించినాడు. తల్లిని వధించమని కుమారులను ఆజ్ఞాపించినాడు. నలుగురు కుమారులు ఆ పని చేయలేకపోయి శాపగ్రస్తులైనారు. ఐదవవాడైన పరశురాముడు గొడ్డలి ఎత్తినాడు. మెచ్చిన తండ్రి వరం కోరుకొమ్మన్నప్పుడు ఆ కుమారుడు మొట్టమొదట అడిగినది తల్లి లేచి రావలెనని. రెండవది, తనను చంపిన సంగతి ఆమెకు జ్ఞాపకం ఉండరాదని. ఆ పాపం అంటకుండుట, అన్నలు మామూలుగా అగుట, యుద్ధంలో ఎదురు లేకుండుట, దీర్ఘాయువు అనేవి తరువాతి కోరికలు.

ఈ కథను పితృవాక్య పరిపాలనకు నిదర్శనంగా చెప్పడం పరిపాటి. ఆ చెప్పేవారు వరాల వరుసను కూడా చెప్పవలెను. తండ్రి మాట చెల్లించిన చేతులే వెంటనే తల్లి ప్రాణం కోసం జోడించినవి. ఆజ్ఞ నెరవేరినందున కార్యం ముగిసిందని పరశురాముడు అనుకోలేదు. తల్లి మనస్సులో గాయం కూడా మిగలరాదనుకొన్నాడు. ఆ వరం అడగక మానితే ఈ కథను ఏ ఆలయంలోనూ చెప్పుకొనేవారము కాము.

రెండవ కథ అనుశాసనపర్వంలోనిది. జ్యేష్ఠమాసపు ఎండలో జమదగ్ని విలువిద్య అభ్యసిస్తున్నాడు. ఆయన విడిచిన బాణాలను రేణుక పరుగున వెళ్ళి ఏరి తెచ్చి ఇస్తున్నది. మిట్టమధ్యాహ్నమైనది. నెత్తి మాడినది, అరికాళ్ళు కాలినవి. ఆమె ఒక చెట్టు నీడన కొంతసేపు నిలిచి, ఆలస్యంగా తిరిగివచ్చినది. మహర్షి కారణమడిగినాడు. ఎండ అని చెప్పినది. అప్పుడు జమదగ్ని ధనుస్సు ఎత్తి, తన భార్యను కాల్చిన సూర్యుని మీదనే బాణం సంధించినాడు. సూర్యభగవానుడు విప్రవేషంలో దిగివచ్చి, మహర్షిని శాంతింపజేసి, నెత్తికి గొడుగును, కాళ్ళకు పాదరక్షలను ప్రసాదించినాడు. లోకంలో ఛత్ర పాదుకా దానానికి మూలం ఇదియే అని భీష్ముడు ధర్మరాజుకు చెప్పినాడు.

ఆలోచించండి. రెండుచోట్లా అదే దంపతులు. రెండుచోట్లా భార్య ఆలస్యంగా, అలసి, మార్పు చెందిన ముఖంతో ఇంటికి వచ్చినది. ఒకచోట భర్త కారణం అడుగలేదు, గొడ్డలి ఎత్తించినాడు. మరొకచోట కారణం అడిగినాడు, ఆమె కాలిన పాదాల కోసం సూర్యుని ఎదిరించినాడు. నేడు కూడా ప్రతి ఇంట ఆడపిల్ల ఏదో ఒక సాయంత్రం ఆలస్యంగా ఇల్లు చేరుతుంది. మన అమీర్‌పేట వీధులలో జిల్లాల నుండి వచ్చి హాస్టళ్లలో ఉండి కంప్యూటర్ కోర్సులు చదువుకొనే ఆడపిల్లలు ఎందరో ఉన్నారు. వారిలో రేణుకలూ ఉన్నారు. ఆ బిడ్డ ముఖం వాడి వచ్చినప్పుడు ఆమెను ముందు అడగవలెనా, అనుమానింపవలెనా? బిడ్డకు ఈ పేరు పెట్టే తల్లిదండ్రులు రెండవ కథను గుర్తుంచుకోవలెనని నా మనవి.

ఎల్లమ్మ

మన ప్రాంతానికి స్త్రీల పేర్లు కొత్త కాదు. ఖైరతాబాద్ పేరు కుతుబ్‌షాహీ రాజవంశీయురాలు ఖైరున్నిసా బేగం పేరు మీద వచ్చినదని చెబుతారు. పొరుగున ఉన్న బేగంపేట పేరులోనూ ఒక స్త్రీ ఉన్నది. అమీర్‌పేటను ఆనుకొని ఉన్న బల్కంపేటలో సాక్షాత్తు రేణుకాదేవి ఎల్లమ్మ తల్లిగా వెలసి ఉన్నది. ఆమె మూలమూర్తి నేలమట్టానికి సుమారు 10 అడుగుల దిగువన, బావిలో, శయనించిన రూపంలో ఉన్నది. ఆ బావి జలాన్ని భక్తులు తీర్థంగా స్వీకరిస్తారు. ఏటా ఆషాఢమాసంలో మంగళవారం నాడు అమ్మవారి కల్యాణం జరుగుతుంది. మనుష్యులకు వివాహాలు లేని ఆషాఢంలో ఆ తల్లి పెండ్లికూతురు కావడం ఈ క్షేత్రపు విశేషం. మంచి కొండలు, మిట్టలు వెదికి కొలువుదీరిన దేవతలు ఎందరో ఉండగా, ఈ తల్లి నీరు ఊరే పల్లాన్ని ఎంచుకొన్నది.

‘ఎల్ల’ అనగా హద్దు, పొలిమేర. పొలిమేర కాచే తల్లి ఎల్లమ్మ అని కొందరు చెబుతారు. ‘ఎల్లరకూ అమ్మ’ అని మరికొందరు. భక్తుని దృష్టిలో రెండర్థాలూ సత్యమే. తెలంగాణ పల్లెలలో ఎల్లయ్య, ఎల్లవ్వ అనే పేర్లు ఈ తల్లి మొక్కుబడి వలన వచ్చినవే. కల్లుగీత వృత్తిలోని గౌడులు ఆమెను కులదైవంగా కొలుస్తారు. బైండ్లవారు జమిడిక వాయిస్తూ రాత్రంతా ఆమె కథ చెబుతారు. ఆ కథలో మన పేరుకు మరొక వ్యాఖ్యానం ఉన్నది. రేణుక ప్రతిదినమూ ఏటి ఒడ్డున ఇసుకతో కుండ చేసి, సర్పాన్ని చుట్టకుదురుగా పెట్టుకొని, ఆ కుండతో నీళ్ళు తెచ్చేదట. కాల్చని కుండ, అదియును ఇసుక కుండ. రేణువుకు రేణువు అతుకదు. ఆమె మనోనిష్ఠయే వానిని పట్టి ఉంచినది. పండితుడు వ్యాకరణంతో చెప్పిన అర్థాన్ని జమిడిక పట్టినవాడు ఒక కుండతో చెప్పినాడు. విడివిడిగా ఉన్న రేణువులను పట్టి నిలిపే శక్తికి రేణుక అని పేరు. ఇల్లాలు ఇంటిని నిలిపే తీరు అటువంటిదే కదా! బోనాల పండుగలో మన ఆడపడుచులు తలమీద ఎత్తుకొనే బోనపు కుండలో, యాగశాలలో మేము ప్రతిష్ఠించిన కుంభంలో నాకు ఆ ఇసుక కుండ స్మరణకు వస్తుంది.

జానపదులు మరొక మాట కూడా చెబుతారు. గొడ్డలి ఎత్తిన వేళ రేణుక పారిపోయి మాతంగుల ఇంట తలదాచుకొన్నదని, అడ్డుపడిన ఆ ఇంటి తల్లి శిరస్సు కూడా తెగినదని, బ్రతికించే తొందరలో శిరస్సులు మారినవని. ఇది వ్యాసభారతంలో లేదు. ఆ కథకు ప్రమాణమేమిటని వాదించడం కంటే దాని భావం గ్రహించడం మేలు. ఆపదలో ఉన్న స్త్రీకి ఆశ్రయమిచ్చిన గుడిసె ఎవరిది? అడ్డుపడిన తల్లి ఎవరు? ఆమె శిరస్సుకే ఈనాడు అందరమూ పసుపు కుంకుమలు సమర్పిస్తున్నాము. ఏ వాడవారూ ఈ తల్లి తమది కాదనరాదు, ఏ వాడవారినీ ఈ తల్లి గుడి నుండి దూరం చేయరాదు.

ఈ తల్లి ఒక్క ప్రాంతానికి పరిమితం కాదు. మహారాష్ట్రలో నాందేడ్ జిల్లా మాహూరులో రేణుకాదేవిని ముఖరూపంలోనే అర్చిస్తారు. కర్ణాటకలో బెళగావి జిల్లా సౌందత్తిలో ఎల్లమ్మగా పూజిస్తారు. హిమాచల ప్రదేశ్‌లోని సిర్మౌర్ జిల్లాలో ఆమె పేరు మీద సరస్సే ఉన్నది. అక్కడ కార్తికమాసంలో పరశురాముడు తల్లిని చూడటానికి వచ్చే ఉత్సవం జరుపుతారు. చంపిన చేయి గల కుమారుడు ఏటేటా తల్లి దర్శనానికి వస్తున్నాడని అక్కడి ప్రజల విశ్వాసం.

ఆ పేరున జరిగిన అపచారం

వైభవం చెప్పేవాడు ఆ పేరున జరిగిన అపచారాన్ని దాచరాదు. ఎల్లమ్మకు అర్పించడమనే పేరున పేద ఇండ్ల ఆడపిల్లలను చిన్ననాడే వివాహానికి దూరం చేసి, ఊరి పెత్తనందారుల పాలు చేసిన దురాచారం ఉండేది. తెలంగాణ జిల్లాలలో జోగిని అని, రాయలసీమలో బసివి అని, చిత్తూరు ప్రాంతంలో మాతమ్మ అని దానికి పేర్లు. మన హైదరాబాదులోనే భాగ్యరెడ్డివర్మ (1888–1939) దీనికి వ్యతిరేకంగా పోరాడినారు. కర్ణాటకలో 1982లో, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1988లో ఈ సమర్పణను నిషేధిస్తూ శాసనాలు వచ్చినవి. శాసనం వచ్చిన తరువాత కూడా జోగినులుగా మిగిలిన స్త్రీల వార్ధక్యం, వారి బిడ్డల చదువు మన సమాజం తీర్చవలసిన ఋణంగానే ఉన్నవి.

ఆగమం చదివిన అర్చకునిగా చెబుతున్నాను. దేవతకు నివేదింపదగినవి అన్నం, జలం, పుష్పం, ఫలం, మన అహంకారం. మరొకరి కూతురి జీవితాన్ని నివేదించే మంత్రం నేను చదివిన శాస్త్రంలో లేదు. శిరస్సు పోగొట్టుకొన్న తల్లి మరొక ఆడపిల్ల బ్రతుకును కానుకగా కోరుతుందా? బిడ్డకు ఆమె పేరు పెట్టుకోవడమే సరియైన సమర్పణ. పేరు పెట్టి, చదివించి, ఆమె ఇష్టమెరిగి వివాహం చేసి, ఆమె మాట విని గౌరవించడం ఆ సమర్పణకు పూర్ణాహుతి.

దాతలకు మనవి

జీర్ణోద్ధరణకు మీరు ధనమిచ్చినారు, ధాన్యమిచ్చినారు, శ్రమ ఇచ్చినారు. శిలాఫలకాల మీద మీ గోత్రనామాలు చెక్కబడినవి. ఆ ఫలకాల మీద మీ కుమార్తెల పేర్లు కూడా చెక్కించినందుకు మిక్కిలి సంతోషం. ఇకముందు జరుగవలసిన ధర్మకార్యాలకు ఈ పేరే మనకు దారి చూపుతున్నది. జ్యేష్ఠంలో రాతి పరుపు మీద వట్టికాళ్ళతో ప్రదక్షిణ చేసే స్త్రీల కోసం చలువ పందిరి వేయించండి. కొబ్బరిపీచు పట్టలు పరిపించండి. ఆషాఢంలో బోనమెత్తి వచ్చే అమ్మలకు త్రోవ పొడుగునా నీడా, నీళ్ళూ ఏర్పాటు చేయండి. వీధులు ఊడ్చే తల్లులకు, పూలమ్మే వృద్ధురాండ్రకు ఒక జత చెప్పులు, ఒక గొడుగు ఇవ్వండి. రేణుకాదేవి కాలిన పాదాల వలన పుట్టిన దానమది. శిఖరానికి పోసిన అభిషేక జలంతో పాటు ఆ నీడ కూడా ఈ ఆలయపు కీర్తిని నిలుపుతుంది.

రేణుక అని పేరున్న ఓ తల్లులారా! మీ పేరుకు అర్థమేమని ఎవరైనా అడిగితే తల వంచుకోకండి. పుప్పొడి అని చెప్పండి, పరిమళమని చెప్పండి, లోకాలు సృష్టించిన పాదధూళి అని చెప్పండి, ఇసుకను కుండగా నిలిపిన నిష్ఠ అని చెప్పండి. క్రొత్తగా బిడ్డను ఎత్తుకొని వచ్చే దంపతులారా! ఈ పేరు నిస్సంకోచంగా పెట్టుకోండి. బియ్యపు పళ్ళెంలో పేరు వ్రాసి, బిడ్డ చెవిలో మూడుమార్లు చెప్పిన తరువాత, ఆ అర్థాన్ని కూడా ఆమెకు ఊహ తెలిసిన నాడు చెప్పండి.

జగన్మాత మీ ఇంటి ఆడపిల్లలందరికీ దీర్ఘాయురారోగ్యాలను, విద్యను, సౌభాగ్యాన్ని ప్రసాదించుగాక. కారణమడిగి ఆదరించే మనస్సును మనకందరకూ అనుగ్రహించుగాక.

స్వస్తి.